టీకా ముందు తటపటాయింపు: రెండు వందల ఏళ్ల అపనమ్మకం వెనక ఏముంది?

ఆదోనిలోనో ప్రొద్దుటూరులోనో పల్స్ పోలియో ఆదివారం నాడు చంటిబిడ్డను చంకనేసుకుని వచ్చి, రెండు చుక్కలు వేయించుకుని వెళ్లే తల్లిని చూడండి. అదే తల్లి, పదేళ్ల పెద్దకూతురికి బడిలో కొత్త టీకా వేస్తారట అని తెలియగానే, ‘ముందు నలుగురికీ వేయనీ, తర్వాత చూద్దాం’ అంటుంది. ఆమె టీకాల వ్యతిరేకి కాదు. పోలియో చుక్కల మీద లేని అనుమానం ఆమెకు ఈ సూది మీద ఎందుకు వచ్చింది?

ఈ ప్రశ్నకు ఇప్పుడు పని పడింది. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌ను అడ్డుకునే హెచ్‌పీవీ టీకాను 9 నుంచి 14 ఏళ్ల బాలికలకు ప్రోత్సహిస్తామని 2024 ఫిబ్రవరి 1న మధ్యంతర బడ్జెట్ ప్రసంగంలో కేంద్రం ప్రకటించింది. దేశంలో ఏటా లక్షమందికి పైగా స్త్రీలు ఈ క్యాన్సర్ బారిన పడుతున్నారు. టీకా అవసరం గురించి వైద్యుల్లో పెద్దగా భేదాభిప్రాయం లేదు. ఇళ్లలో మాత్రం ఉంది. ఇది చదువులేనితనం వల్ల వచ్చిన జంకు అని కొట్టిపారేయడం తేలిక. కానీ చరిత్ర తిరగేస్తే, ఈ జంకులో సగం పాత అనుభవం, మిగతా సగంలో కొంత దూరాభారం, కొంత పుకారు అని తెలుస్తుంది.

తటపటాయింపు వేరు, తిరస్కారం వేరు, అందకపోవడం వేరు

టీకా అందుబాటులో ఉన్నా వేయించుకోవడంలో ఆలస్యం చేయడం, లేదా వద్దనడం. ప్రపంచ ఆరోగ్య సంస్థ నిపుణుల బృందం 2014లో తటపటాయింపుకు చెప్పిన నిర్వచనం ఇది. దానికి మూడు కారణాలు చూపింది: మందు మీదా, ఇచ్చేవారి మీదా నమ్మకం చాలకపోవడం, జబ్బు తమదాకా రాదులే అన్న నిర్లిప్తత, వేయించుకోవడానికి వీలు కుదరకపోవడం. 2019లో అదే సంస్థ ఈ తటపటాయింపును ప్రపంచారోగ్యానికి ఉన్న పది ముప్పుల్లో ఒకటిగా చేర్చింది.

మూడో కారణం దగ్గర పేచీ ఉంది. కర్నూలు జిల్లా పడమటి మండలాలైన కోసిగి, కౌతాళం, మంత్రాలయం నుంచి వానలు లేని ఏడాది వేల కుటుంబాలు సుగ్గికి వెళతాయి. గుంటూరు వైపు మిరపకోతకో, పత్తి తీయడానికో వెళ్లి నెలల తరబడి పొలాల పక్కన గుడిసెల్లో ఉంటాయి. మన రాష్ట్రంలో పల్లెల్లో టీకాలు వేసేది బుధ, శనివారాల్లో. ఊళ్లో ఏఎన్ఎం బిడ్డ పేరు పిలిచే శనివారం ఆ బిడ్డ ఇంకో జిల్లాలో ఉంటుంది. అక్కడి ఏఎన్ఎం జాబితాలో ఆ పేరు ఉండదు. తల్లి దగ్గరి కార్డులో గళ్లు ఖాళీగా మిగులుతాయి. దీన్ని తటపటాయింపు అనడం అన్యాయం. ఆ తల్లి ఎవరినీ కాదనలేదు. ఈ విమర్శ పెరిగాకే, తటపటాయింపు అంటే మనసులో ఉన్న సందిగ్ధం లేదా అయిష్టత మాత్రమేనని, దూరం, సమయం, ఖర్చు వంటి అడ్డంకులను వేరుగా లెక్కించాలని 2022లో ప్రపంచ ఆరోగ్య సంస్థ తన వివరణను సవరించుకుంది. కానీ జిల్లా సమీక్షల్లో ‘టీకా వేయించుకోనివారు’ అనే ఒకే అంకె కింద తటపటాయించేవారూ, టీకా అందనివారూ కలిసిపోతే, ఎవరికి నచ్చజెప్పాలో, ఎవరి దగ్గరికి సూది తీసుకెళ్లాలో తేలదు.

మొదటి టీకా చేతి నుంచి చేతికి వచ్చింది

మశూచి రోజుల్లో ఒంటి మీద బొబ్బలు లేస్తే సీమ పల్లెల్లో అమ్మవారు వచ్చిందనేవారు. గుమ్మానికి వేపమండలు కట్టి, పసుపునీళ్లు చల్లి, ఇంట్లో తాలింపు మానేసి, చల్లటి తిండి పెట్టేవారు. మారెమ్మకో సుంకులమ్మకో మొక్కుకునేవారు. కంపెనీ అధికారులు దీన్నంతా మూఢనమ్మకమని రాసి, టీకా వద్దనడానికి అదే కారణమని తేల్చేశారు. మనమూ చాలావరకు అదే పాఠం చదువుకున్నాం.

అసలు ఆ టీకా ఎలా వేసేవారో చూస్తే బొమ్మ మారుతుంది. 1796లో ఇంగ్లండులో ఎడ్వర్డ్ జెన్నర్ గోమశూచి పుండులోని రసంతో ఒక బాలుడికి టీకా వేశాడు. ఆ రసం ఎండకు పాడైపోయేది. అందుకని ఒక బిడ్డకు టీకా వేసి, వారం తర్వాత పొంగిన బొబ్బను చిదిమి, ఆ రసాన్ని ఇంకో బిడ్డ చేతికి ఎక్కించేవారు. వియన్నా, బాగ్దాద్, బస్రాల మీదుగా ఇలాగే వచ్చి, 1802 జూన్ 14న బొంబాయిలో ఆనా డస్థాల్ అనే మూడేళ్ల పాపకు ఇండియాలో మొదటి టీకా వేశారు. ఆ పాప చేతి నుంచే మిగతా దేశానికి పాకింది.

ఇప్పుడు ఒక పల్లె ఇంటి వైపు నుంచి ఆలోచించండి. కొత్త మనిషి వస్తాడు. ఏ ఊరిదో ఏ కులానిదో తెలియని బిడ్డ చేతి చీమును మీ బిడ్డ రక్తంలో కలుపుతానంటాడు. వారం తర్వాత మళ్లీ వచ్చి, మీ బిడ్డ పుండు గిల్లి రసం తీస్తాడు. ఆ కాలపు అభ్యంతరాల్లో కులపట్టింపు ఉంది, దాన్ని దాచనక్కర్లేదు. కానీ ఇంకో జబ్బు అంటుకుంటుందన్న భయమూ ఉంది, అది నిజమైన భయం. చేతి నుంచి చేతికి వేసే టీకాతో సవాయి రోగం (సిఫిలిస్) సోకిన ఉదంతాలు యూరప్‌లోనే నమోదయ్యాయి. ఇంగ్లండు ఆ పద్ధతిని 1898లో ఆపేసింది.

పైగా వచ్చినవాడు ఎవరు? 1800లో నిజాం ఈ ప్రాంతాన్ని కంపెనీకి వదిలేశాక, దత్తమండలాల రైతుకు కంపెనీ అంటే ముందుగా తెలిసింది శిస్తు. టీకాదారుడి పనిని కొలిచింది కూడా ఎన్ని చేతులకు వేశాడన్న అంకెతోనే. వేయకుండానే వేసినట్టు రాసుకుంటున్నారన్న ఫిర్యాదు ఆనాటి అధికారుల రాతల్లో తరచూ కనిపిస్తుంది. ఈ అంకెల యావ ఈ కథలో చివరిదాకా వస్తుంది కాబట్టి గుర్తుపెట్టుకోవాలి.

నచ్చజెప్పడానికి జరిగిన ఒక ప్రయత్నం మాత్రం విచిత్రమైనది. 1816లో క్యాంబెల్ తెలుగు వ్యాకరణానికి పీఠిక రాసి, ద్రావిడ భాషలు సంస్కృతం నుంచి పుట్టలేదని వాదించిన ఎఫ్.డబ్ల్యు. ఎల్లిస్ మనకు తెలిసినవాడే. మద్రాసు కలెక్టరుగా ఉంటూ ఆయన తమిళంలో ఒక కథ కూడా అల్లాడు. గోమశూచి టీకా దేవతలే చెప్పిన పాత విద్య అని నమ్మించడం దాని ఉద్దేశం. ధన్వంతరి పేరిట టీకాను వర్ణించే సంస్కృత వచనం ఒకటి కూడా 19వ శతాబ్దంలో పుస్తకాల్లో తిరిగింది. అది కల్పితమని తర్వాతి పరిశోధకులు తేల్చారు. మంచి పనికోసమే అయినా కల్పన కల్పనే. ‘మన గ్రంథాల్లో అన్నీ ఉన్నాయి’ అనే వాదనకు ఒక ఇంగ్లీషు కలెక్టరు కూడా ముడిసరుకు అందించాడంటే నవ్వూ వస్తుంది, ఇబ్బందీ కలుగుతుంది.

ఇంగ్లండులోనూ ఊరేగింపులు జరిగాయి

ఇది వలస దేశపు అజ్ఞానం అనేవారికి లెస్టర్ పట్టణం సమాధానం. 1853లో ఇంగ్లండు శిశువులకు టీకా తప్పనిసరి చేసింది, తర్వాత జరిమానాలు పెంచింది. జరిమానా కట్టలేని కూలీల ఇళ్ల సామాన్లు జప్తయ్యాయి. 1885 మార్చిలో లెస్టర్‌లో వేలాది మంది ఊరేగింపు తీశారు. చివరికి 1898లో, మనస్సాక్షి ఒప్పుకోని తల్లిదండ్రులకు మినహాయింపు ఇచ్చే చట్టం వచ్చింది. లెస్టర్ వాళ్లు ఊరికే వద్దనలేదు. రోగిని వెంటనే గుర్తించి, వేరుగా ఉంచి, అతన్ని కలిసినవారిని కనిపెట్టుకుని ఉండే పద్ధతి నడిపారు. అదే పద్ధతి, టీకాతో జోడించి, 1970లలో మన దేశంలో మశూచిని తుదముట్టించడానికి ముఖ్యమైన ఆయుధమైంది.

మన దగ్గర బలవంతం మరింత మొరటుగా వచ్చింది. 1896లో బొంబాయిలో ప్లేగు మొదలైంది. 1897లో అంటువ్యాధుల చట్టం తెచ్చి, సైనికులతో ఇళ్లు సోదా చేయించారు. ఆ ఏడాది పుణెలో ప్లేగు అధికారి రాండ్‌ను చాపేకర్ సోదరులు కాల్చారు. 1902లో పంజాబులోని ముల్కోవాల్‌లో ప్లేగు టీకా వేసుకున్న 19 మంది ధనుర్వాతంతో చనిపోయారు. ఒక సీసా కలుషితం కావడమే కారణం. నింద టీకా కనిపెట్టిన హాఫ్కిన్ మీద పడింది. ఆయన తప్పు లేదని తేలడానికి ఏళ్లు పట్టింది. ఊళ్లకు అంత ఓపిక ఉండదు.

మదనపల్లెలో మొదలైన బీసీజీ, రాజాజీ అభ్యంతరం

కడప పొలిమేర దాటితే మదనపల్లె. అక్కడి ఆరోగ్యవరం క్షయ ఆసుపత్రికి సీమ నాలుగు జిల్లాల నుంచీ రోగులు వెళ్లేవారు. స్వతంత్ర భారతంలో క్షయను అడ్డుకోవడానికి వేసే బీసీజీ టీకా పని 1948లో మొదలైన చోట్లలో మదనపల్లె ఒకటి. కొద్ది ఏళ్లలోనే అది లక్షల మందికి వేసే ఉద్యమమైంది.

దానికి ఎదురు నిలిచినవారిలో అందరికన్నా పెద్ద పేరు చక్రవర్తి రాజగోపాలాచారి (రాజాజీ)ది. 1953 అక్టోబరులో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడేదాకా రాయలసీమ కూడా మద్రాసు ముఖ్యమంత్రిగా ఆయన పాలనలోనిదే. పదవి నుంచి దిగాక, 1955లో ఆయన బీసీజీని ఎందుకు వ్యతిరేకిస్తున్నారో వివరిస్తూ బహిరంగంగా రాశారు. ఆరోగ్యంగా ఉన్న పిల్లలకు బతికున్న సూక్ష్మజీవులను సామూహికంగా ఎక్కించడం ఏమిటి, ఇది నిజంగా పనిచేస్తుందనడానికి గట్టి రుజువు ఏది అన్నది ఆయన వాదనలో ముఖ్యభాగం. ఆయన కన్నా ముందే గాంధీజీ మశూచి టీకాను అసహ్యమైన పద్ధతిగా తప్పుపట్టారు. వీరిని చదువులేనివారని ఎవరూ అనలేరు.

మరి రాజాజీ చెప్పింది సరైనదేనా? సగం. టీకా హాని చేస్తుందన్న ఆయన భయం నిజం కాలేదు. కానీ పనిచేస్తుందా అన్న ప్రశ్న ఊరికే పోలేదు. 1968లో చెంగల్పట్టు జిల్లాలో రెండున్నర లక్షలకు పైగా మందితో మొదలైన పెద్ద పరీక్షలో, పెద్దవారికి వచ్చే ఊపిరితిత్తుల క్షయను బీసీజీ ఆపలేదని తేలింది. పసిబిడ్డల్లో మెదడు పొరలకు సోకే క్షయ నుంచీ, ఒళ్లంతా పాకే క్షయ నుంచీ మాత్రం అది బాగా కాపాడుతుందని ఇతర అధ్యయనాలు చూపాయి. అందుకే నేటికీ పుట్టగానే వేస్తున్నారు. ప్రభుత్వం మొదట చెప్పుకున్నంత గొప్పదీ కాదు, రాజాజీ భయపడినంత చెడ్డదీ కాదు. ‘ఈ టీకా దేనికి పనిచేస్తుంది, దేనికి చేయదు’ అని మొదటే విడమరిచి చెప్పి ఉంటే ఆ వాదులాటలో చాలా భాగం ఉండేది కాదేమో.

సూది, లక్ష్యం, కుటుంబ నియంత్రణ

ఎమర్జెన్సీ కాలంలో, 1976–77 ఒక్క ఏడాదిలోనే దేశంలో 80 లక్షలకు పైగా కుటుంబ నియంత్రణ ఆపరేషన్లు జరిగాయి. టీచరుకో లక్ష్యం, గుమాస్తాకో లక్ష్యం, పూర్తి చేయకపోతే జీతం ఆగుతుందన్న బెదిరింపు. ఈ బాధ ఎక్కువగా పడింది ఉత్తరాది. 1977 ఎన్నికల్లో అక్కడ కాంగ్రెస్ తుడిచిపెట్టుకుపోతే, ఆంధ్రప్రదేశ్‌లో 42 స్థానాల్లో 41 గెలిచింది. మిగిలిన ఆ ఒక్కటీ మన నంద్యాల, నీలం సంజీవరెడ్డి గెలిచిన చోటు. ఎమర్జెన్సీ సెగ ఇక్కడ అంతగా తగల్లేదనడానికి ఇదొక గుర్తు.

ఆ తేడా తర్వాతి తరంలో కనిపించింది. పోలియో చుక్కలతో పిల్లలు పుట్టకుండా చేస్తున్నారన్న పుకారు పశ్చిమ ఉత్తరప్రదేశ్‌లోని ముస్లిం బస్తీల్లో పాకింది. 2002లో ఆ ఒక్క రాష్ట్రంలోనే వెయ్యికి పైగా పోలియో కేసులు వచ్చాయి. ‘ఇంటికొచ్చి మందిచ్చే ప్రభుత్వం, జ్వరానికి బిళ్ల ఎందుకు ఇవ్వదు?’ అన్నది అక్కడ తరచూ వినిపించిన ప్రశ్న. పుకారును తిట్టడం మానేసి, ఇమాములనూ స్థానిక వైద్యులనూ కలుపుకుని, చుక్కలతోపాటు మామూలు వైద్యం కూడా అందించాక తలుపులు తెరుచుకున్నాయి. దేశంలో సహజ పోలియో వైరస్‌తో వచ్చిన చివరి కేసు 2011 జనవరిలో, పశ్చిమ బెంగాల్‌లోని హావ్‌డాలో నమోదైంది. పుకారు అబద్ధమే. కానీ దానికి కాళ్లు మొలిచింది నిజంగా జరిగిన బలవంతం మీదే.

ఖమ్మం: తెలుగువారికి దగ్గరి జ్ఞాపకం

హెచ్‌పీవీ టీకా మాట ఎత్తగానే మన దగ్గర వినిపించే పేరు ఖమ్మం. 2009లో పాత్ అనే అంతర్జాతీయ సంస్థ, భారత వైద్య పరిశోధన మండలి కలిసి, ఖమ్మం జిల్లాలోనూ గుజరాత్‌లోని వడోదరలోనూ 10–14 ఏళ్ల బాలికలకు ఈ టీకా వేయించాయి. ఖమ్మంలో చాలామంది భద్రాచలం చుట్టుపక్కల గిరిజన బాలికలు, హాస్టళ్లలో ఉండి చదువుకునేవారు. రెండు చోట్లా కలిపి ఏడుగురు బాలికలు చనిపోయారు. 2010 ఏప్రిల్‌లో కార్యక్రమం ఆగిపోయింది.

విచారణలో రెండు విషయాలు బయటపడ్డాయి. ఈ రెంటినీ విడివిడిగా పట్టుకోవాలి. ఒకటి: మరణాలకు టీకా కారణమన్న ఆధారం దొరకలేదు. ఒకరు క్వారీ గుంటలో మునిగి, ఒకరు పాము కరిచి, ఇద్దరు పురుగుమందు తాగి, ఒకరు మలేరియాతో పోయారు. మిగతా ఇద్దరి విషయం అంత స్పష్టంగా తేలకపోయినా, టీకాతో ముడిపెట్టే ఆధారం కనబడలేదు. రెండు: అంగీకారం తీసుకున్న తీరు ఘోరంగా ఉంది. ఆంధ్రప్రదేశ్‌లో పరిశీలించిన 9,543 అంగీకార పత్రాల్లో 2,763 మీద సంతకం పెట్టింది హాస్టల్ వార్డెన్లు. 1,948 మీద ఉన్నవి వేలిముద్రలు. 2013లో పార్లమెంటు స్థాయీ సంఘం దీన్ని తీవ్రంగా తప్పుపట్టింది.

టీకాను సమర్థించేవారు మొదటి విషయమే చెబుతారు. వ్యతిరేకించేవారు రెండోదే చెబుతారు. రెండూ నిజమే. మందు దోషి కాదు, మందు వేసిన పద్ధతి దోషి. బడిలో సూది అనగానే ‘ముందు నలుగురికీ వేయనీ’ అన్న తల్లి ఈ నివేదికలు చదివి ఉండదు. ‘హాస్టలు పిల్లల మీద ప్రయోగం చేశారట’ అన్నంతవరకు విని ఉంటుంది. ఆ మాటలో అతిశయోక్తి ఉంది, పూర్తి అబద్ధం మాత్రం లేదు.

పల్లెలో తరచూ వినే రెండు మాటలు, రెండు లెక్కలు

‘సూది వేసుకున్న వారానికే పోయాడు.’ దీన్ని అంకెల్లో చూద్దాం. 60 ఏళ్లు దాటిన లక్షమంది ఉన్నారనుకోండి. వారిలో ఏడాదికి వెయ్యికి 40 మంది సహజంగా చనిపోతారనుకుందాం. అంటే ఏడాదికి 4,000, రోజుకు దాదాపు 11. ఈ లక్షమందికీ ఒకే రోజు ఉత్త నీళ్లు సూదితో ఎక్కించినా, ఆ వారంలో 77 మంది పోతారు. ఆ 77 ఇళ్లలోనూ సూదినే తలుచుకుంటారు. నిజంగా టీకా వల్లే మరణాలు పెరిగాయా అని తెలియాలంటే, 77 కన్నా ఎన్ని ఎక్కువ అని చూడాలి. కోవిడ్ తర్వాత యువకుల్లో ఆకస్మిక మరణాల మీద భారత వైద్య పరిశోధన మండలి ఇలాగే పోల్చి చూసి, టీకా ఆ ముప్పును పెంచలేదని 2023లో చెప్పింది.

‘టీకా వేసుకున్నవాళ్లకే ఎక్కువగా వచ్చింది కదా!’ ఒక ఊళ్లో వెయ్యిమంది పిల్లల్లో 980 మంది తట్టు టీకా రెండు మోతాదులూ వేసుకున్నారు, 20 మంది వేసుకోలేదు. టీకా నూటికి 97 మందిని కాపాడుతుంది. తట్టు వచ్చి, రక్షణ లేనివారందరికీ సోకిందనుకుంటే, టీకా వేసుకున్నవారిలో 29 మందికి, వేసుకోనివారిలో 20 మందికి వస్తుంది. ఆసుపత్రిలో చూస్తే టీకా వేసుకున్నవారే ఎక్కువ. కానీ అటు 980లో 29, ఇటు 20లో 20.

ఈ లెక్కలు ప్రశ్నల నోరు మూయించడానికి కాదు. ముల్కోవాల్ సీసా నిజం. నోటి పోలియో చుక్కల్లోని బలహీనపరిచిన వైరసే లక్షల్లో ఒకరికి పక్షవాతం తెచ్చే అవకాశం ఉందన్నదీ నిజం. అందుకే 2015 చివర్లో సూదిమందు పోలియో టీకాను కూడా చేర్చారు.

కోవిడ్: పాత అనుమానాలన్నీ ఒకే ఏడాదిలో

2020 ఏప్రిల్‌లో రాష్ట్రంలోకెల్లా ఎక్కువ కేసులు కర్నూలు జిల్లాలో నమోదయ్యాయి. ఢిల్లీ మత సమావేశానికి వెళ్లొచ్చినవారి పేరు చెప్పి ఒక మతం మొత్తాన్ని వేలెత్తి చూపారు. రెండు రూపాయల డాక్టరుగా అన్ని మతాల పేదలూ తలుచుకునే కర్నూలు వైద్యుడొకరు ఆ నెలలోనే కోవిడ్‌తో కన్నుమూశారు. వీధులకు కంచెలు వేసి, ఇళ్ల నుంచి మనుషులను అంబులెన్సుల్లో తీసుకెళ్లిన యంత్రాంగమే, మరుసటి ఏడాది టీకా డబ్బా పట్టుకుని అవే వీధులకు వచ్చింది. ముఖం చాటేయడానికి వాట్సాప్ వీడియో అవసరం లేని ఇళ్లు కొన్ని ఉంటాయి.

పైవాళ్ల తొందర కూడా తోడైంది. హైదరాబాద్‌లో తయారైన కోవాగ్జిన్‌కు 2021 జనవరి 3న, మూడో దశ పరీక్షల ఫలితాలు రాకముందే అనుమతి ఇచ్చారు. తర్వాత వచ్చిన ఫలితాలు బాగానే ఉన్నాయి. అయినా ‘ముందు అనుమతి, తర్వాత రుజువు’ అన్న వరుస మనసులో ఉండిపోయింది. 2024లో, కోవిషీల్డ్ రకం టీకా అత్యంత అరుదుగా రక్తం గడ్డకట్టే సమస్య తేగలదని ఆస్ట్రాజెనెకా బ్రిటన్ కోర్టులో ఒప్పుకున్నప్పుడు, 2021 నుంచే వైద్య పత్రికల్లో ఉన్న ఆ విషయం చాలామందికి దాచిపెట్టిన రహస్యంలా వినిపించింది.

బలవంతం చేయవచ్చా అన్న వాదన కోర్టుకూ వెళ్లింది. సామూహిక రక్షణ కావాలంటే కొంత ఒత్తిడి తప్పదనేది ఒక పక్షం. ఒత్తిడి పెంచినకొద్దీ అపనమ్మకం పెరుగుతుందన్నది రెండోది. 2022 మే 2న సుప్రీంకోర్టు, ఎవరికీ బలవంతంగా టీకా వేయరాదని, శరీరం మీద వ్యక్తికి ఉన్న హక్కు రాజ్యాంగంలోని 21వ అధికరణంలో భాగమని చెప్పింది. ప్రభుత్వ టీకా విధానం అసమంజసమేమీ కాదని కూడా అదే తీర్పులో ఉంది. టీకా తర్వాత వచ్చే ఇబ్బందుల సమాచారాన్ని ప్రజలకు అందుబాటులో ఉంచాలని ఆదేశించింది.

ఆ తీర్పు ప్రధానంగా పెద్దవారికి సంబంధించింది. పిల్లల విషయంలో ఒప్పుకోవాల్సింది తల్లిదండ్రులు. కోసిగి వైపు అమ్మానాన్నలు మిరపకోతకు వెళితే, పిల్లలు అవ్వ దగ్గరో సీజనల్ హాస్టల్లోనో ఉంటారు. హెచ్‌పీవీ అంగీకార పత్రం అలాంటి నెలలో బడికి వస్తే, గుంటూరు పొలంలో ఉన్న తల్లికి ఫోనులో చదివి వినిపించి, ఆమె అడిగినదానికి బదులు చెప్పి, ఆమె మాటను నమోదు చేసుకునే ఏర్పాటు ఒకటి కావాలి. అది లేకపోతే ఆ నెల లక్ష్యం పూర్తి చేయాల్సిన మనిషి ముందు మిగిలేది మళ్లీ వార్డెన్ సంతకమే.